చేతిలో హైకోర్టు ఆర్డర్, ఆఫీసులో కదలని ఫైలు

మాది చుక్కల భూమి. ఆంధ్రాలో కొన్ని జిల్లాల రైతులకు ఈ ఒక్క మాట చెబితే మిగతా కథ వాళ్లే చెప్పేస్తారు. తెలియనివాళ్ల కోసం చెప్తున్నా. బ్రిటిష్ కాలంలో రాసిన రీసెటిల్‌మెంట్ రిజిస్టర్‌ను ఆర్‌ఎస్‌ఆర్ అంటారు. అందులో కొన్ని సర్వే నంబర్లకు పట్టాదారు పేరు రాయాల్సిన గడిలో చుక్కలు పెట్టి వదిలేశారు. తర్వాతి కాలంలో ఆ చుక్కలున్న భూముల్ని ప్రభుత్వ భూమి కింద లెక్కేసి, రిజిస్ట్రేషన్ చట్టం 22-ఏ కింద నిషేధిత జాబితాలో పెట్టారు. జాబితాలో ఉంటే అమ్మకం, గిఫ్టు, భాగపంపకం ఏదీ రిజిస్టర్ కాదు. 2017లో చుక్కల భూముల కోసమే ఒక చట్టం వచ్చింది. 2023లో ప్రభుత్వం 2 లక్షల ఎకరాలకు పైగా జాబితా నుంచి తీసేసింది. మా సర్వే నంబరు మాత్రం అందులో రాలేదు. ఎందుకు రాలేదో ఎవరూ చెప్పలేదు.

మా తాతగారు రిజిస్టర్డ్ దస్తావేజుతో కొన్న పొలం అది. శిస్తు రసీదులున్నాయి, ఊరి భూముల లెక్కలుండే అడంగల్‌లో నాన్నగారి పేరుంది. నాన్నగారు పోయాక అన్నయ్య, నేను, చెల్లి భాగాలు రిజిస్టర్ చేయించుకుందామని వెళ్తే సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో సర్వే నంబరు కొట్టగానే నిషేధిత ఆస్తి అని వచ్చింది. జాబితా నుంచి తీసేయమని జిల్లా ఆఫీసులో అర్జీ పెట్టాం. జవాబు లేదు. మళ్లీ పెట్టాం. దానికీ లేదు. చివరికి నేలపాడులో ఉన్న హైకోర్టులో రిట్ వేశాం.

రిట్ గురించి పెద్దగా చెప్పేదేం లేదు. అడ్మిషన్ దశలోనే తేలిపోయింది. ప్రభుత్వం తరఫు ప్లీడరు, అర్జీ పెండింగ్‌లో ఉందన్నారు. మా అర్జీని, పత్రాలను పరిశీలించి, మాకు నోటీసిచ్చి, మేం చెప్పేది విని, కారణాలు చూపిస్తూ చట్టప్రకారం ఉత్తర్వు ఇవ్వాలని, కాపీ అందిన ఎనిమిది వారాల్లో ఇది జరగాలని న్యాయమూర్తి ఆదేశించారు.

అన్నయ్య కోర్టు బయటే స్వీట్లు కొనబోయాడు. లాయరుగారు ఆపారు. "ఇది కన్సిడర్ ఆర్డర్ బాబూ. జాబితాలోంచి తీసేయమని కోర్టు చెప్పలేదు. మీ అర్జీ చూసి ఏదో ఒకటి తేల్చమని చెప్పింది. వాళ్లు చూసి కాదన్నా ఆర్డర్ పాటించినట్టే అవుతుంది" అన్నారు. తర్వాత నా వైపు తిరిగి, "కానీ అమ్మా, నోటీసిచ్చి, విని, కారణాలు చెప్పి అనే మూడు మాటలు పడ్డాయి చూశారా, అవి నేను అడిగి వేయించుకున్నవి. రేపు మనల్ని కాపాడేవి అవే" అన్నారు. అప్పట్లో నాకు ఆ మాటల విలువ అర్థం కాలేదు.

సర్టిఫైడ్ కాపీ రాగానే రెండు పనులు చేయమన్నారు. రిజిస్టర్డ్ పోస్టులో అక్‌నాలెడ్జ్‌మెంట్ కార్డుతో ఒక సెట్టు పంపాలి. ఇంకో సెట్టు స్వయంగా, ఆఫీసుకొచ్చే కాగితాలు తీసుకునే టపాల్ సెక్షన్‌లో ఇచ్చి, మన కాపీ మీద ముద్ర, ఇన్‌వర్డ్ నంబరు వేయించుకోవాలి. ఎనిమిది వారాలు లెక్క మొదలయ్యేది కాపీ అందిన రోజు నుంచి. అందిందని రుజువు లేకపోతే, ఆ ఆర్డర్ సంగతే మాకు తెలియదు అనడానికి వాళ్లకు వీలుంటుంది.

టపాల్ సెక్షన్‌లో ఉన్నాయన కాగితం తీసుకుని, స్టాంపు ప్యాడ్ మీద ముద్ర అద్ది మా కాపీ మీద కొట్టి ఇచ్చాడు. చూస్తే తేదీ పాతది. ఆ ముద్రలో అంకెల చక్రం ముందురోజు దగ్గరే ఆగిపోయి ఉంది, పొద్దున తిప్పలేదు. "పర్లేదు మేడమ్, ఒకరోజేగా" అన్నాడు. ఒకరోజు తేడాతో నాకు నష్టమేం లేదు, కానీ రేపు పోస్టు కార్డు తేదీకీ దీనికీ పొంతన లేకపోతే అదొక వాదన అవుతుంది. మార్చి వేయమన్నాను. విసుక్కుంటూనే పెన్ను మొనతో చక్రం తిప్పి, కొత్త ముద్ర వేసి, పక్కన పొట్టి సంతకం పెట్టాడు. ఆ పొట్టి సంతకాన్ని తర్వాత కోర్టు ఫైల్లో చూసినప్పుడల్లా నాకు ఆయన మీద గౌరవం పెరిగింది. మొత్తం వ్యవహారంలో అడిగిన పని అడిగిన వెంటనే చేసింది ఆయనొక్కడే.

ఆ తర్వాత ఏం జరిగిందో ఆఫీసుల చుట్టూ తిరిగిన ఎవరికైనా తెలుసు. ఫైలు సర్క్యులేషన్‌లో ఉంది. తహసీల్దారు రిపోర్టు రావాలి. తహసీల్దారు ఆఫీసుకి వెళ్తే, పంపేశాం, ఆర్డీవో ఆఫీసులో అడగండి. అక్కడికి వెళ్తే, సర్వేయర్ స్కెచ్ జత చేయలేదని వెనక్కి పంపాం. సారు క్యాంపులో ఉన్నారు. సారు వీడియో కాన్ఫరెన్స్‌లో ఉన్నారు. ఇందులో ఏదీ అబద్ధం కాదు, అదే విచిత్రం. ప్రతి మాటా నిజమే, పని మాత్రం కాదు. సెక్షన్‌లో ఒక సీనియర్ అసిస్టెంట్ కాస్త మనసు విప్పి చెప్పాడు: "మేడమ్, చుక్కల భూమి ఫైలు మీద సంతకం పెట్టాలంటే ఎవరికైనా భయమే. రేపు విజిలెన్స్ వాళ్లు వచ్చి ప్రభుత్వ భూమి ఎందుకు వదిలేశావంటే జవాబు చెప్పుకోవాలి. సంతకం పెట్టకపోతే అడిగేవాడు లేడు."

కోర్టు ధిక్కరణ, అంటే కంటెంప్ట్ గురించి నాకు ఎన్నో పేజీలు చదివినా తెలియనిది ఆ మాటతో తెలిసింది. సంతకం పెడితే ప్రమాదం, పెట్టకపోతే ప్రమాదం లేదు. పెట్టకపోవడంలో కూడా ప్రమాదం ఉందనిపించేలా చేయడమే కంటెంప్ట్ కేసు పని.

ఎనిమిది వారాలు దాటిపోయాయి. గడువు పొడిగించమని వాళ్లు కోర్టును అడగనూ లేదు. ఆ తర్వాత, ఆర్డర్ పాటించాల్సిన జిల్లా అధికారి బదిలీ అయ్యారు. ఇక్కడ చాలామందికి తెలియని చిక్కు ఒకటుంది. రిట్ వేసేటప్పుడు హోదా రాస్తే సరిపోతుంది. కంటెంప్ట్ మాత్రం మనిషి మీద వేయాలి, పేరుతో. ఆర్డర్ తెలిసి కూడా కావాలని పాటించలేదు అని చెప్పాలి కాబట్టి, తెలిసిన మనిషెవరో, పాటించని మనిషెవరో చూపించాలి. గడువు ముగిసింది పాతాయన హయాంలో. ఇప్పుడు పని చేయాల్సింది కొత్తాయన. కొత్తాయనకు ఆర్డర్ సంగతి తెలుసని రుజువేది?

లాయరుగారు ఇలాంటివి చాలా చూసినట్టున్నారు. కొత్తాయన చార్జి తీసుకున్న వారంలోనే మళ్లీ ఒక సెట్టు రిజిస్టర్డ్ పోస్టులో పంపించారు, పైన ఒక పేజీ ఉత్తరంతో. అందులో బెదిరింపు ఏమీ లేదు. ఫలానా తేదీన ఫలానా ఆర్డర్ వచ్చింది, గడువు ముగిసింది, దయచేసి పాటించండి, అంతే. కొంత గడువిచ్చి, అది కూడా దాటాక ఇద్దరి పేర్లూ పెట్టి కేసు వేశారు. పాతాయన పేరు తర్వాత తీసేశారనుకోండి, అది వేరే సంగతి.

ఈ మధ్యలోనే ఇంట్లో ఒక వాదన నడిచింది. అధికారుల మీద కేసెందుకు, కక్ష పెట్టుకుంటారు, మనకు ఆ ఆఫీసులో ఇంకా పనులుంటాయి అని వదిన భయం. ఇంకొన్నాళ్లు చూద్దాం, ఫైలు కదులుతోందంటున్నారుగా అని అన్నయ్య. లాయరుగారు ఒక్కటే చెప్పారు: కోర్టు ధిక్కరణ చట్టం 1971, సెక్షన్ 20. ధిక్కరణ జరిగిన తేదీ నుంచి ఏడాదిలోపే కేసు వేయాలి. రేపు ఎల్లుండి అంటూ ఏడాది దాటించారంటే చేతిలో ఉన్న ఆర్డర్ ఉత్త కాగితమే. కావాలంటే కొత్తగా ఇంకో రిట్ వేసుకోవాలి. ఆ మాట విన్నాక వాదన ఆగిపోయింది.

శిక్ష సంగతి కూడా అప్పుడే చదివాను. సెక్షన్ 12 కింద గరిష్ఠంగా ఆరు నెలల సాధారణ జైలు, 2,000 రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ. 1971లో పెట్టిన ఆ 2,000 ఇప్పటికీ 2,000గానే ఉంది. పైగా సివిల్ కంటెంప్ట్‌లో జరిమానా సరిపోతుందనుకుంటే జైలు వరకు వెళ్లకూడదని అదే సెక్షన్ అంటుంది. క్షమాపణ కోర్టుకు తృప్తికరంగా ఉంటే అసలు శిక్షే ఉండకపోవచ్చు. ఇది చదివి అన్నయ్య నవ్వాడు, రెండు వేలకు ఎవరు భయపడతారని.

భయపడరు నిజమే, కానీ జరిమానా సంగతి వేరు, మిగతాది వేరు. 2022 మార్చిలో మన హైకోర్టు ఎనిమిది మంది ఐఏఎస్ అధికారులకు రెండు వారాల జైలు వేసింది. బడుల ఆవరణల్లో సచివాలయాలు కట్టొద్దన్న ఆదేశం పాటించనందుకు. వాళ్లు క్షమాపణ చెప్పాక, ఏడాదిపాటు నెలకొకరోజు సంక్షేమ హాస్టళ్లలో సేవ చేయాలని మార్చింది. 2025 మేలో సుప్రీంకోర్టు ఇంకా గట్టిగా వెళ్లింది. గుంటూరులో హైకోర్టు ఆదేశాన్ని లెక్కచేయకుండా గుడిసెలు కూల్పించిన తహసీల్దారు ఆ తర్వాత డిప్యూటీ కలెక్టరయ్యారు. హైకోర్టు వేసిన రెండు నెలల జైలుకు బదులు ఆయన్ను మళ్లీ తహసీల్దారు హోదాకు దించి, లక్ష రూపాయలు జరిమానా వేసింది. ఇలాంటి వార్తలు ఆఫీసుల్లో అందరూ చదువుతారు. సీనియర్ అసిస్టెంటు నాతో అన్న భయానికి ఎదురుభయం అక్కడినుంచి వస్తుంది.

మా కంటెంప్ట్ కేసు, రిట్‌లో ఆర్డరిచ్చిన న్యాయమూర్తి ముందుకే వచ్చింది. మొదటిసారి ప్రభుత్వ ప్లీడరు ఇన్‌స్ట్రక్షన్స్ కోసం టైమ్ అడిగారు. తర్వాత ఇంకోసారి అడిగారు. మరోసారి, అప్పీలు వేసే ఆలోచనలో ఉన్నాం అన్నారు. మా లాయరుగారు లేచి, ఆలోచనకు స్టే ఉండదు కదా మిలార్డ్ అన్నారు. కోర్టు హాల్లో కొంచెం నవ్వులు. అప్పీలు వేసినంత మాత్రాన ఆర్డర్ ఆగదు, పై బెంచ్ స్టే ఇస్తేనే ఆగుతుంది. వాళ్లింకా వేయను కూడా లేదు. ఆ రోజు న్యాయమూర్తి ఫారం-1 నోటీసు ఇవ్వమన్నారు.

కంటెంప్ట్ కేసులో తిరుగుడంతా తిరిగేది ఈ ఫారం-1 చుట్టూనే. మామూలు నోటీసు వస్తే ప్లీడరు చూసుకుంటాడు. ఫారం-1 వస్తే పేరున్న అధికారి ఆ తేదీన స్వయంగా కోర్టు ముందుండాలి, కోర్టు మినహాయిస్తే తప్ప. అంతకాలం సర్క్యులేషన్‌లో ఉన్న ఫైలు నోటీసు అందిన కొద్దిరోజులకే టేబుల్ మీదికి వచ్చిందని మాకు సెక్షన్‌లోంచే కబురొచ్చింది. తహసీల్దారు రిపోర్టు, స్కెచ్, ఆర్డీవో సిఫార్సు, అన్నీ ఒక్కసారిగా దొరికాయి.

దొరికి ఏం చేశారంటే, విచారణకు ముందురోజు సాయంత్రం ఒక ప్రొసీడింగ్స్, అంటే ఆఫీసు ఉత్తర్వు, తయారుచేసి మర్నాడు కోర్టులో మెమోతో పెట్టారు. మాకు కాపీ కోర్టు హాల్లోనే చేతికిచ్చారు. నిలబడే చదివాను. ఒకటిన్నర పేజీ. అందులో ఒక పేజీ పైగా రిఫరెన్సుల జాబితా, రిట్ నంబరు, కంటెంప్ట్ నంబరు. చివర్లో రెండే వాక్యాలు: ఆర్‌ఎస్‌ఆర్‌లో సదరు సర్వే నంబరు చుక్కలుగా నమోదై ఉన్నందున అర్జీ తిరస్కరించడమైనది. హైకోర్టు వారి ఆదేశాలు పాటించడమైనది.

ఆ క్షణంలో నాకు కాళ్లు చల్లబడ్డాయి. ఇన్నాళ్ల టెన్షన్ రెండు వాక్యాలకేనా అనిపించింది. చాలా కంటెంప్ట్ కేసులు ఇక్కడే ముగుస్తాయని లాయరుగారు ముందే చెప్పారు. అర్జీ చూశారు, ఏదో ఒకటి తేల్చారు, ఆర్డర్ పాటించినట్టే, ఆ తిరస్కరణ నచ్చకపోతే దాని మీద కొత్త రిట్ వేసుకోండి, కేసు క్లోజ్. ఆర్డర్‌లో ఉన్నదానికి మించి కంటెంప్ట్ కోర్టు కొత్తగా ఏదీ ఇవ్వదు.

అప్పుడు బయటికొచ్చాయి ఆ మూడు మాటలు. నోటీసివ్వలేదు. వినలేదు. కారణం చెప్పలేదు. మేం పెట్టిన దస్తావేజు గురించి, శిస్తు రసీదుల గురించి ఒక్క ముక్క లేదు. 22-ఏ జాబితాల మీద 2015లో ఉమ్మడి హైకోర్టు ఫుల్ బెంచ్ ఇచ్చిన తీర్పును మేం అర్జీలో ప్రస్తావించాం, దాని ఊసూ లేదు. చుక్కలున్నాయి కాబట్టి కుదరదన్నారు. చుక్కలున్నాయనే కదా మేం అర్జీ పెట్టుకుంది!

న్యాయమూర్తి అరవలేదు. ఒక్క ప్రశ్న అడిగారు: పిటిషనర్లకు నోటీసు ఏ తేదీన పంపారు? ప్లీడరు వెనక్కి తిరిగి అధికారి వైపు చూశారు. అధికారి పక్కనున్న అసిస్టెంటు వైపు చూశారు. అసిస్టెంటు ఫైలు తిరగేయడం మొదలుపెట్టాడు, ట్యాగు ఊడి కొన్ని కాగితాలు కిందపడ్డాయి. కోర్టు హాలంతా ఆ కాగితాలు ఏరుకోవడమే చూస్తోంది. లేని నోటీసు ఎంత వెతికినా దొరకదు కదా. చివరికి ప్లీడరే, నోటీసు పంపినట్టు రికార్డులో లేదు మిలార్డ్ అన్నారు.

ఆ అధికారి ఎలాంటి మనిషో నాకు తెలియదు. చార్జి తీసుకున్నప్పటికే గడువు దాటిన ఫైలు ఆయన నెత్తిన పడింది. ఆ రెండు వాక్యాలు కింద ఎవరో రాసి పెడితే సంతకం పెట్టి ఉంటారు. జాలి కూడా వేసింది. కానీ మా నాన్నగారు బతికున్నప్పుడు ఇదే పొలం పని మీద అదే ఆఫీసు మెట్ల మీద కూర్చున్నారు. అప్పుడు ఆయన్ని లోపలికి పిలిచి కూర్చోమన్నవాళ్లు లేరు.

ప్రొసీడింగ్స్ వెనక్కి తీసుకుని, ఆర్డర్‌లో ఉన్నట్టే నోటీసిచ్చి, విని మళ్లీ ఉత్తర్వు ఇస్తామని అధికారి తరఫున ప్లీడరు చెప్పారు. కోర్టు ఆ మాటను రికార్డు చేసుకుని రెండు వారాలు ఇచ్చింది. కోర్టుకిచ్చిన హామీని కావాలని తప్పినా అది మళ్లీ ధిక్కరణే. ఈసారి వాళ్లు ఆలస్యం చేయలేదు. తర్వాతి వాయిదాకు అధికారి ఆన్‌లైన్‌లో హాజరు కావడానికి కోర్టు ఒప్పుకుంది. ప్రభుత్వ అధికారుల్ని మాటిమాటికీ పిలవొద్దని, అవసరమైతే ముందు వీడియో కాన్ఫరెన్స్‌లో హాజరుకానివ్వాలని 2024 జనవరిలో సుప్రీంకోర్టు మార్గదర్శకాలిచ్చింది. అందులో న్యాయం ఉంది. అధికారి రోజంతా కోర్టులో కూర్చుంటే ఆ రోజు జిల్లాలో మిగతావాళ్ల పనులు ఆగుతాయి. కాకపోతే మా ఫైలు కదిలింది మాత్రం ఆయన బండెక్కి నేలపాడు రావాల్సి వచ్చినప్పుడే. ఈ రెండూ నిజాలే, ఏది ఎక్కువ నిజమో నేను తేల్చుకోలేకపోయాను.

విచారణకు పిలిచిన రోజు మొదటిసారి ఆ ఆఫీసులో మాకు కుర్చీలు వేశారు. పత్రాలన్నీ ఒక్కొక్కటిగా చూశారు. తాతగారి దస్తావేజులో హద్దులు చదివి, స్కెచ్‌తో పోల్చి, అధికారే సర్వేయర్‌ను రెండు ప్రశ్నలడిగారు. పని మొత్తం ఒక పూటలో అయిపోయింది. బయటికొచ్చాక చెల్లికి కోపం ఆగలేదు, ఈ ఒక్క పూట కోసమా ఇన్ని సంవత్సరాలు అని.

కొద్దిరోజులకు సర్వే నంబరును నిషేధిత జాబితా నుంచి తొలగించాలంటూ ఉత్తర్వు వచ్చింది. ఈసారి కారణాలు వివరంగా ఉన్నాయి. అధికారి బేషరతు క్షమాపణతో అఫిడవిట్ వేశారు. కోర్టు దాన్ని అంగీకరించి కేసు మూసేసింది. మాకేం ఖర్చులు ఇప్పించలేదు, మేం అడగలేదు.

అయినా వెంటనే రిజిస్ట్రేషన్ కాలేదు. ఉత్తర్వు రెవెన్యూ ఆఫీసులో ఉంది, నిషేధిత జాబితా రిజిస్ట్రేషన్ శాఖ కంప్యూటర్లో ఉంది. ఇక్కడినుంచి అక్కడికి చేరి, నంబరు తొలగేదాకా సబ్ రిజిస్ట్రార్ ఏం చేయలేరు. మళ్లీ కొంత తిరుగుడు. లాయరుగారితో ఇంకో ఉత్తరం రాయించి పెట్టాక నంబరు జాబితాలోంచి పోయింది. ముగ్గురం వేలిముద్రలు వేసి భాగపంపకం రిజిస్టర్ చేయించుకున్నాం.

మా పక్క సబ్‌డివిజన్ రైతు నాకు బాబాయి వరస. అదే సర్వే నంబరు, అవే చుక్కలు, మాలాగే పాత దస్తావేజు. మా ఉత్తర్వు కాపీ తీసుకుని, ఇదే కారణం నాకూ వర్తిస్తుంది కదా అని అదే ఆఫీసులో అర్జీ పెట్టాడు. నెలలు గడిచాక సెక్షన్‌కి వెళ్లి అడిగితే, అది వాళ్ల పేరుమీద వచ్చిన కోర్టు ఆర్డర్, మీకు వర్తించదు అన్నారట. మరి నేనేం చేయాలి అంటే, మీరూ వెళ్లి ఒకటి తెచ్చుకోండి అన్నారట.

మొన్న ఫోన్ చేశాడు. "అమ్మాయ్, ఆ లాయరుగారి నంబరు పంపు. ఆ మూడు మాటలేవో ఉన్నాయన్నావు, అవి కూడా ఒక కాగితం మీద రాసి పెట్టు" అన్నాడు.